కైరో యూదుల వెయ్యేళ్ల నాటి ఉత్తరాలు ఇంట్లో కూర్చుని చదవాలంటే: ప్రిన్స్‌టన్ గెనిజా ప్రాజెక్టు సమీక్ష

మధ్యయుగాల ఈజిప్టు యూదుల జీవితం గురించి తెలుసుకోవడానికి ఇవాళ ఇంటర్నెట్‌లో దొరికే సాధనాల్లో ప్రిన్స్‌టన్ గెనిజా ప్రాజెక్టు అనే సైటుకు మొదటి స్థానం ఇవ్వవచ్చు. డబ్బు కట్టక్కర్లేదు, ఖాతా తెరవక్కర్లేదు. వెయ్యేళ్ల కిందటి వ్యాపారి ఉత్తరం, పెళ్లి ఒప్పందం, అన్నదానం లెక్క, అప్పు పత్రం ఏదైనా సరే, ఫొటోతో సహా కళ్లముందు పెడుతుంది. చిక్కల్లా ఒకటే. ఇది పరిశోధకుల కోసం కట్టిన సైటు. ఎలా వాడాలో తెలియకుండా తెరిస్తే కాసేపటికే విసుగొస్తుంది. అందుకే ఈ సమీక్షలో ఎక్కువ భాగం దాన్ని వాడే పద్ధతికే కేటాయిస్తున్నాం.

ముందు ఆ మనుషులెవరో కొంచెం చెప్పుకోవాలి, సైటు ఆ పని చేయదు కాబట్టి. ఈజిప్టులో యూదులు క్రీస్తు పూర్వం అయిదో శతాబ్దం నాటికే ఉన్నారు. అస్వాన్ దగ్గర నైలు నది మధ్యనున్న ఎలిఫంటైన్ లంకలో, పారశీక రాజుల కొలువులో పనిచేసిన యూదు సైనికులు అరమాయిక్‌లో రాసుకున్న పపైరస్ పత్రాలు దొరికాయి. ఇస్లాం రావడానికి వెయ్యేళ్లకు పైగా ముందటి మాట అది. అరబ్బులు 641 ప్రాంతంలో కట్టుకున్న ఫుస్తాత్ నగరంలో, అంటే ఇప్పటి పాత కైరోలో, ఈజిప్టునేలిన ఫాతిమిద్ ఖలీఫాల కాలానికి యూదుల్లో మూడు వర్గాలుండేవి. ఇరాకీ సంప్రదాయం వాళ్లకో ప్రార్థనాలయం, పాలస్తీనా సంప్రదాయం వాళ్లకో ప్రార్థనాలయం. వీళ్లు కాక, బైబిలునే తప్ప రబ్బీల (మతగురువుల) సంప్రదాయాన్ని ఒప్పుకోని కరాయీలు వేరు. పాలస్తీనా వర్గం వాళ్ల ప్రార్థనాలయమే ఇవాళ బెన్ ఎజ్రా పేరుతో ఉన్నది.

ముస్లిం రాజ్యంలో వాళ్లు రక్షిత ప్రజలు. తలపన్ను కట్టాలి. బదులుగా తమ మతం, తమ న్యాయస్థానాలు తమకుండేవి. అయినా అవసరమైతే ఖాజీ దగ్గరికీ వెళ్లేవారు. ఒకే ఒప్పందాన్ని రెండుచోట్లా రాయించుకున్నవాళ్లూ ఉన్నారు. ప్రభుత్వం దగ్గర వాళ్ల తరఫున మాట్లాడేందుకు 'రయీస్ అల్-యహూద్' అనే అధిపతి ఉండేవాడు. ఇదంతా సాఫీగా సాగిందనుకోవద్దు. ఖలీఫా అల్-హాకిం హయాంలో, 1012 ప్రాంతంలో, బెన్ ఎజ్రా ప్రార్థనాలయాన్నే కూల్చారు. ఆ తర్వాతి దశాబ్దాల్లో మళ్లీ కట్టుకున్నారు. 1948 నాటికి ఈజిప్టులో సుమారు 75,000 నుంచి 80,000 మంది యూదులుండేవారు. ఇజ్రాయెల్‌తో యుద్ధాలు, 1956 సూయెజ్ సంక్షోభం తర్వాతి బహిష్కరణలు, ఆస్తుల స్వాధీనాలు, 1967 నాటి అరెస్టులు కలిసి ఆ సమాజాన్ని ఖాళీ చేశాయి. ఇప్పుడు కైరోలో మిగిలినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. పాత సంగతులు చెప్పేవాళ్లు లేని ఇలాంటి చోట ఆ కాగితాలకు ఎంత విలువో వేరే చెప్పక్కర్లేదు.

ఆ కాగితాలు ఎలా మిగిలాయన్నది కూడా వాడేవాళ్లకు అవసరమైన విషయమే, ఎందుకంటే సైటులో కనిపించే గందరగోళానికి కారణం అక్కడే ఉంది. దేవుడి పేరున్న కాగితాన్ని పారేయకూడదని యూదుల నియమం. పాతబడ్డ గ్రంథాలను ఒకచోట దాచి, తర్వాత పాతిపెడతారు. ఆ దాచే చోటే గెనిజా. బెన్ ఎజ్రాలో అది ఆడవాళ్లు కూర్చునే పై అంతస్తు చివర గోడలో ఎత్తున ఉన్న ఒక గది. దానికి తలుపు లేదు; నిచ్చెనెక్కి పైనున్న కంతలోంచి కాగితాలు లోపల పడేయాలి. ఫుస్తాత్ వాళ్లు మతగ్రంథాలతో ఆగలేదు. ఉత్తరాలూ చిట్టాలూ కూడా దేవుడి పేరుతోనే మొదలవుతాయి, హీబ్రూ అక్షరాల్లోనే ఉంటాయి కాబట్టి వాటినీ అక్కడే వేశారు. పాతిపెట్టడం సరిగా జరగలేదు, ఈజిప్టు వాతావరణం పొడిది, దాంతో శతాబ్దాల కాగితం అక్కడే ఉండిపోయింది. ఇలా చేరిన ముక్కలు నాలుగు లక్షల దాకా ఉంటాయని అంచనా. ఎవరూ ఒక వరుసలో సర్దిన దస్తావేజులు కావివి. ఉత్తరం పైసగం ఒకచోట, కిందిసగం ఇంకోచోట ఉండటం మామూలు.

1896లో ఆగ్నెస్ లూయిస్, మార్గరెట్ గిబ్సన్ అనే కవల అక్కచెల్లెళ్లు తమ తూర్పు దేశాల యాత్రలో కొన్న పాత కాగితాలను కేంబ్రిడ్జిలో హీబ్రూ పండితుడు సాలమన్ షెక్టర్‌కు చూపించారు. అందులో బెన్ సిరా అనే ప్రాచీన నీతిగ్రంథం హీబ్రూ మూలం తాలూకు ఆకు ఉందని ఆయన గుర్తుపట్టాడు. సెయింట్ జాన్స్ కాలేజీ అధిపతి చార్లెస్ టేలర్ ఖర్చు పెట్టుకోగా అదే చలికాలం కైరో వెళ్లి, ప్రధాన రబ్బీ అనుమతితో, సుమారు 1,93,000 ముక్కలు కేంబ్రిడ్జికి తెచ్చాడు. మిగిలినవి అంతకుముందూ ఆ తర్వాతా ఆక్స్‌ఫర్డ్, లండన్, మాంచెస్టర్, న్యూయార్క్, ఫిలడెల్ఫియా, పారిస్, సెయింట్ పీటర్స్‌బర్గ్ లాంటి ఊళ్లకు చెదిరిపోయాయి. అన్నిచోట్లా ఉన్నవాటిని ఒకే సెర్చ్ పెట్టె కిందికి తేవడమే ఈ ప్రాజెక్టు చేసిన ఉపకారం.

ప్రాజెక్టు 1986లో ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయంలో మార్క్ కోహెన్, అబ్రహాం యూడోవిచ్ చేతుల మీదుగా మొదలైంది. పునాది మాత్రం చరిత్రకారుడు ఎస్.డి. గోయిటైన్ వేసింది. 1985లో చనిపోయేవరకు దశాబ్దాల పాటు ఈ పత్రాలనే చదివిన ఆయన రాసుకున్న నోట్సు కార్డులే సుమారు 27,000 ఉన్నాయి. సైటులో ఇప్పుడు ముప్ఫై వేలకు పైగా రికార్డులున్నాయి. ఒకటి గుర్తుంచుకోండి: బైబిలు, తాల్ముద్ (యూదుల ధర్మశాస్త్ర గ్రంథం), ప్రార్థనల ప్రతుల కోసం ఈ సైటుకు రాకూడదు. గెనిజాలో ఎక్కువ భాగం అవే అయినా, ఇక్కడ ప్రధానంగా ఉన్నది రోజువారీ జీవితపు కాగితాలు. మా దృష్టిలో అసలు సంపద అదే.

ఇక వాడటం. సెర్చ్ పెట్టెలో ఏమీ టైపు చేయకుండా తెరిస్తే పత్రాలు ఏ వరుసా లేకుండా వస్తాయి. సరదాగా తిరగడానికి బాగుంటుంది, నేర్చుకోవడానికి పనికిరాదు. మొదటిసారి వచ్చినవాళ్లు నేరుగా ఫిల్టర్ల దగ్గరికి వెళ్లి, అనువాదం ఉన్నవి మాత్రమే చూపమనాలి. ఫొటో ఉన్నవి అన్న ఫిల్టరు కూడా పెట్టండి. పాఠం (పత్రంలోని రాతను టైపు చేసిపెట్టింది) ఉన్నవి, చర్చ ఉన్నవి అన్న ఫిల్టర్లు హీబ్రూ అక్షరాలు వచ్చినవాళ్లకు. అనువాదం, ఫొటో ఫిల్టర్లు రెండిటితో వేలల్లో ఉన్న రికార్డులు తగ్గిపోయి, ఇంగ్లిష్ చదవగలిగిన ఎవరికైనా అర్థమయ్యేవి మిగులుతాయి. కొన్ని అనువాదాలు ఆధునిక హీబ్రూలో ఉంటాయి, వాటిని వదిలేయండి.

తర్వాత పత్రం రకం ఎంచుకోవాలి. ఉత్తరాలు, న్యాయపత్రాలు, జాబితాలు, ప్రభుత్వ పత్రాలు, హుండీలూ రసీదులూ, ఇలా విడదీసి ఉంటాయి. కథలాగా చదవాలంటే ఉత్తరాలు. కుటుంబాలూ ఆస్తులూ కావాలంటే న్యాయపత్రాలు. పేదల గురించి తెలుసుకోవాలంటే జాబితాలు. ఈ మూడోదాన్ని చాలామంది దాటేస్తారు. అలా చేయకండి. ఫుస్తాత్ సమాజం వారానికి రెండుసార్లు, మంగళ శుక్రవారాల్లో, పేదలకు రొట్టెలు పంచేది. ఎవరికి ఎన్ని రొట్టెలో రాసిన చిట్టాలు కేంబ్రిడ్జిలో టి-ఎస్ కె15 అనే వరుసలో ఎక్కువగా ఉన్నాయి. వాటిలో పేర్ల బదులు 'గుడ్డివాడు', 'ఫలానావాడి విధవ' అని రాసుకున్నవి కనిపిస్తాయి. ఈ చిట్టాలతోపాటు తలపన్ను కట్టలేక ఇల్లు కదలకుండా దాక్కున్నానని పెద్దలకు మొరపెట్టుకున్న ఉత్తరాలు చదివితే, 'ముస్లిం పాలనలో యూదులు సుఖంగా ఉన్నారా, కష్టపడ్డారా' అన్న వాదనలకు ఒక్క మాటలో జవాబు వెతకడం మానేస్తారు. డబ్బున్నవాడికి పన్ను ఒక ఖర్చు, లేనివాడికి అది జైలు భయం.

పత్రాల్లో కనిపించే డబ్బు లెక్కలకు ఒక కొలబద్ద అవసరం. దీనారు అంటే సుమారు నాలుగుంపావు గ్రాముల బంగారం. వెండి దిర్హంలతో మారకం అటూఇటూ అవుతుండేది. పదకొండు, పన్నెండు శతాబ్దాల్లో మామూలుగా దీనారుకు 36 నుంచి 40. ఒక సాధారణ కుటుంబానికి నెలకు రెండు దీనార్లుంటే గడిచిపోయేదని గోయిటైన్ లెక్క. ఇది తెలియకుండా పెళ్లి ఒప్పందాల్లోని సారె జాబితాలు చదివితే, వస్తువు పక్కన వేసిన ధర ఎక్కువో తక్కువో అర్థం కాదు.

ఉదాహరణకు 1100 ప్రాంతంలో ఫుస్తాత్‌లో బతికిన వ్యాపారి వుహ్షా వీలునామా చూడండి. షెల్ఫ్‌మార్కు టి-ఎస్ ఎఆర్.4.5. ఆవిడ సొంతంగా పెట్టుబడులు పెట్టిన మనిషి. తన అంత్యక్రియలకే 50 దీనార్లు కేటాయించింది. పైన చెప్పిన లెక్క ప్రకారం రెండేళ్ల కుటుంబ ఖర్చు! కొడుకుకు చదువు చెప్పే పంతులుకు వారానికి అయిదు దిర్హంలు ఇవ్వాలని, పిల్లవాడి దగ్గరే ఉండేందుకు కప్పుకోడానికి దుప్పటి, పడుకోడానికి పరుపు ఇవ్వాలని రాయించింది. మధ్యయుగపు యూదు స్త్రీ అంటే ఇల్లు దాటనిదని అనుకునేవాళ్లు ముందుగా చదవాల్సిన పత్రం ఇది.

షెల్ఫ్‌మార్కు అంటే లైబ్రరీలో ఆ కాగితం చిరునామా. మేం తెలుగు అక్షరాల్లో రాసినవాటిని సెర్చ్‌లో ఇంగ్లిష్ అక్షరాల్లోనే టైపు చేయాలి. టి-ఎస్ అంటే టేలర్-షెక్టర్ సేకరణ. టి-ఎస్ 10జె10.15 అన్నదాంట్లో మొదటి 10 పరిమాణాన్నిబట్టి వేసిన వర్గం, జె ఉత్తరాలూ దస్తావేజులూ పెట్టిన తరగతి, తర్వాతి 10 సంపుటం, 15 అందులో ముక్క సంఖ్య. కొత్తవాళ్లకు తరచుగా ఎదురయ్యే ఇబ్బంది ఇక్కడే. పాత పుస్తకాల్లో ఇదే చిరునామాను మధ్యలో ఖాళీలు వదిలి, చుక్క బదులు కామా పెట్టి, 'ఫోలియో' అని చేర్చి రాసేవారు. దాన్ని ఉన్నదున్నట్టు టైపు చేసి, ఏమీ రాకపోతే పత్రం లేదనుకోవద్దు. ఖాళీలు తీసేసి, చుక్క పెట్టి మళ్లీ వెతకండి. రెండు షెల్ఫ్‌మార్కుల మధ్య కూడిక గుర్తు కనిపిస్తే, వేర్వేరుచోట్ల దొరికిన ముక్కలను ఒకే పత్రంగా జతచేశారని అర్థం. ప్రతి రికార్డుకూ సైటు ఇచ్చే సొంత సంఖ్య కూడా ఉంటుంది. రాసుకోవాల్సింది ఆ సంఖ్యనే, అది మారదు.

రికార్డు తెరిచాక ఫొటో, పాఠం, అనువాదం మూడింటినీ పక్కపక్కన పెట్టుకోవచ్చు, అక్కర్లేనిదాన్ని మూసేయవచ్చు. ఫొటోను దగ్గరికి తెచ్చుకోవడమే కాదు, తిప్పుకోవచ్చు కూడా. ఆ తిప్పే సదుపాయం ఎందుకో ఉత్తరం రాసే తీరు తెలిస్తే అర్థమవుతుంది. ఆనాటివాళ్లు పైనా కుడివైపూ మార్జిన్ వదిలి రాయడం మొదలుపెట్టేవారు. పేజీ నిండాక కుడి మార్జిన్‌లో అడ్డంగా, తర్వాత పైభాగంలో తలకిందులుగా రాసేవారు. ఇంకా మిగిలితే వెనక్కి తిప్పేవారు. అందుకే అనువాదంలో 'కుడి మార్జిన్', 'పై మార్జిన్', 'వెనకవైపు' అని విడివిడి భాగాలుంటాయి. కాగితాన్ని మడిచి వెనక రాసే చిరునామాలో అందుకునేవాడి పేరు కుడివైపు, పంపేవాడి పేరు ఎడమవైపు ఉంటాయి. ఇది తారుమారు చేసుకుంటే ఎవరు ఎవరికి రాశారో మొత్తం తలకిందులవుతుంది. ఉత్తరం మొదట్లో సగం పేజీదాకా సాగే దీవెనలు చదివి ఆగిపోకండి. అసలు సంగతి వాటి తర్వాత వస్తుంది, చాలాసార్లు అతిముఖ్యమైన మాట మార్జిన్‌లో ఉంటుంది.

భాష గురించి ఒక మాట. ఎక్కువ ఉత్తరాలు అరబ్బీ భాషలో, హీబ్రూ అక్షరాల్లో ఉన్నాయి. అరబ్బీ భాష బాగా వచ్చినవాళ్లకు ఇది పెద్ద అవకాశం. ఇరవై రెండు హీబ్రూ అక్షరాలు నేర్చుకుంటే పాఠాలు నేరుగా చదవవచ్చు. అరబ్బీ లిపిలో టైపు చేసినా సైటు హీబ్రూ లిపిలోని పాఠాల్లో వెతికిపెడుతుంది, చాలా మంచి ఏర్పాటు. పొరబాట్లు ఎక్కడ జరుగుతాయంటే, అరబ్బీకి 28 అక్షరాలు, హీబ్రూకు 22. హీబ్రూ తావ్ మీద చుక్క పెడితే అరబ్బీ 'థా', పెట్టకపోతే 'తా'; కాఫ్ మీద చుక్క ఉంటే 'ఖా'. రాసేవాళ్లు తొందరలో ఆ చుక్కలు వదిలేశారు. కాబట్టి మాట దొరక్కపోతే రెండో అక్షరంతో కూడా ప్రయత్నించాలి. ఉస్మానియా ప్రాంగణంలోని దాయిరతుల్ మఆరిఫ్ అనే అరబ్బీ గ్రంథాల ప్రచురణ సంస్థ పుణ్యమా అని అరబ్బీ రాతప్రతులు పరిష్కరించే విద్య హైదరాబాదుకు కొత్త కాదు. అలాంటి చదువున్నవాళ్లు ఈ వైపు చూస్తే ఎంత బాగుంటుందో.

తేదీలదీ ఒక పద్ధతి. శాసనాల్లో శక సంవత్సరానికి 78 కలిపే అలవాటున్నవాళ్లు ఇక్కడ తీసివేయడం నేర్చుకోవాలి. న్యాయపత్రాల్లో ఎక్కువగా వాడింది పాత గ్రీకు రాజుల పేరిట వచ్చిన సెల్యూసిడ్ శకం. అది శరత్కాలంలో మొదలవుతుంది కాబట్టి ఏడాది మొదలు నుంచి డిసెంబరు దాకా 312, జనవరి నుంచి 311 తీసివేయాలి. ప్రపంచ సృష్టి నుంచి లెక్కపెట్టే యూదుల సృష్టి శకమైతే ఇదే పద్ధతిలో 3761 లేదా 3760. సైటు చాలావాటికి ఈ లెక్క తనే వేసి చూపిస్తుంది. పత్రంలో ఉన్న తేదీని ఒకచోట, పండితులు ఊహించిన తేదీని వేరుగా ఇస్తుంది. ఈ తేడా పాటించడం మాకు బాగా నచ్చింది. అయితే కాలం ఫిల్టరు వాడితే ఏ తేదీ లేని పత్రాలన్నీ ఫలితాల్లోంచి పోతాయి, అవి తక్కువేమీ కాదు. 'పన్నెండో శతాబ్దంలో ఇన్నే ఉత్తరాలున్నాయి' అని ఈ ఫిల్టరు చూసి ఎవరైనా రాస్తే నమ్మకండి.

మన పాఠకులు ఎక్కడ మొదలుపెట్టాలి అంటే, హిందూ మహాసముద్ర వ్యాపారంతో. సెర్చ్‌లో ఇండియా, ఏడెన్, మిరియాలు, లక్క అన్న మాటలను ఇంగ్లిష్‌లో కొట్టి చూడండి. అన్నిటికన్నా మంచి దారి ఒక మనిషిని పట్టుకోవడం. ఆ మనిషి అబ్రహాం బెన్ యీజూ. ట్యునీషియాలోని అల్-మహ్దియ్యాలో పుట్టి, యెమెన్ రేవు ఏడెన్ మీదుగా మంగుళూరు చేరి, 1149 దాకా పశ్చిమ తీరంలో వ్యాపారం చేశాడు. సెల్యూసిడ్ శకం 1444లో, అంటే 1132 అక్టోబరు 17న, మంగుళూరులో ఆషూ అనే బానిస స్త్రీకి విముక్తి పత్రం రాసిచ్చాడు. ఆవిడనే పెళ్లాడాడని పండితుల అభిప్రాయం. ఆయన అక్కడ కంచు, ఇత్తడి సామాన్ల కార్ఖానా నడిపాడు. ఏడెన్ వర్తకులు పాత లోహం పంపించి, ఫలానా కొలతతో ఫలానా పాత్ర చేయించమని రాసేవారు. ఇక్కణ్ణుంచి మిరియాలు, ఇనుము, వక్కలు వెళ్లేవి. అటునుంచి ఆయన ఇంటికి కాగితం, చక్కెర, ఎండుద్రాక్ష, సబ్బు, చాపలు వచ్చేవి. మన దగ్గర అప్పటికి కాగితం దొరకదు కాబట్టి ప్రత్యేకంగా దాన్ని పంపేవారు. ఏడెన్‌లో వర్తకుల ప్రతినిధిగా ఉన్న మద్మూన్ రాసిన ఉత్తరంలో మంగుళూరు హిందూ వర్తకుల ప్రస్తావన కూడా ఉంది.

1149 సెప్టెంబరు 11న ఏడెన్ నుంచి ఆయన తన తోబుట్టువులకు రాసిన ఉత్తరం పైన చెప్పిన టి-ఎస్ 10జె10.15. అంతకు ముందటి ఏడాది సిసిలీ రాజు రెండో రోజర్ సేనలు అల్-మహ్దియ్యాను పట్టుకున్నాయి. తనవాళ్లు బతికున్నారో లేదో తెలియని స్థితిలో, వచ్చేయండి, నా సంపాదన మనందరికీ సరిపోతుంది, నా కూతుర్ని మన పిల్లాడికే ఇస్తాను అని రాశాడు. ఉత్తరం ముందుగా చదివి, తర్వాత రికార్డులోని ట్యాగుల మీద నొక్కుకుంటూ మిగతావాటికి వెళ్లండి. 1156లో ఆ కూతురికి ఫుస్తాత్‌లో తన తండ్రి సోదరుడి కొడుకుతోనే పెళ్లి జరిగిందని కూడా ఈ కాగితాల వల్లే తెలుస్తోంది.

రెండో దారి మైమోనిడిస్ కుటుంబం. మహా పండితుడు, వైద్యుడు మోషే మైమోనిడిస్ 1204లో చనిపోయేవరకు ఫుస్తాత్‌లోనే బతికాడు. ఆయన తమ్ముడు దావీదు ఎర్రసముద్ర తీరంలోని ఐధాబ్ రేవు నుంచి రాసిన ఉత్తరం కేంబ్రిడ్జిలో ఓఆర్.1081 జె1 కింద ఉంది. ఎడారి దాటి వచ్చాను, ఇక్కడ కొనడానికి నీలిమందు తప్ప సరుకేమీ లేదు, అందుకే ఇండియాకు ఓడెక్కుతున్నాను అని అన్నకు చెప్పుకున్నాడు. ఆ ప్రయాణంలోనే సముద్రంలో మునిగి చనిపోయాడు. ఆ వార్త విన్నాక ఏడాదిపాటు మంచం పట్టానని మైమోనిడిస్ తర్వాత ఒక లేఖలో రాశాడు. దావీదు ఉత్తరం ఫొటోను పెద్దది చేసి చూడండి. అనువాదం చదివేసి ఫొటో చూడకుండా వెళ్లిపోవడం మాత్రం చేయకండి.

మధ్యధరా వ్యాపారం కావాలనుకుంటే నహ్రాయ్ బెన్ నిస్సీం పేరుతో వెతకాలి. పదకొండో శతాబ్దపు ఈ వర్తకుడి చుట్టూ వందల ఉత్తరాలున్నాయి. అవిసె నార రకాలు, మూటల కట్టుబడి, ఓడల ఆలస్యాలు అన్నీ వాటిలో ఉంటాయి. ఓపిక కావాలి. ప్రభుత్వ పత్రాలు అన్న రకంలో ఇంకో వింత కనిపిస్తుంది. ఫాతిమిద్ కార్యాలయాల ఫర్మానాల్లో పంక్తికీ పంక్తికీ మధ్య బోలెడంత ఖాళీ వదిలేవారు. ఆ కాగితం పాతబడ్డాక యూదు లేఖకులు కొని, ఆ ఖాళీల్లో హీబ్రూ రాసుకున్నారు. ఖలీఫాల కార్యాలయపు అరబ్బీ పత్రాలు ఇవాళ దొరుకుతున్నాయంటే ఈ వాడకం కూడా ఒక కారణం. ఇలాంటివాటికి ఒకే షెల్ఫ్‌మార్కు కింద రెండు మూడు వేర్వేరు రికార్డులుంటాయి. మీరు వెతికే పాఠం లేకపోతే అదే చిరునామా మీద ఉన్న రెండో రికార్డు తెరవండి.

లోపాలు. వివరణల్లో సమానత్వం లేదు. కొన్నిటికి పేరాలకు పేరాలు, కొన్నిటికి 'ఉత్తరపు ముక్క, ఇంకా పరిశీలించాలి' అన్న ఒక్క పంక్తి. గోయిటైన్ కార్డుల నుంచి ఎత్తిన వివరణలు పొడి అక్షరాలతో, సంక్షిప్తాలతో నిండి ఉంటాయి. 'బి.' అంటే ఫలానావాడి కొడుకు అని కూడా కొత్తవాళ్లకు తెలియదు. పేర్ల స్పెల్లింగు ఒక్కతీరున ఉండదు: మంగుళూరు ఒకచోట ఇప్పటి పేరుతో, ఇంకోచోట అరబ్బీ ఉచ్చారణలో మంజరూర్ అని ఉంటుంది. రెండూ వెతకాలి. చాలా పత్రాల అనువాదం సైటులో ఉండదు. ఏ పుస్తకంలో ఏ పేజీలో అచ్చైందో పరిశోధనల ట్యాబులో రాసి ఉంటుంది. ఆ పుస్తకాలు ఖరీదైనవి, మన ఊళ్ల లైబ్రరీల్లో దొరకడం కష్టం. కొన్ని లైబ్రరీల ముక్కలకు ఫొటోలే లేవు. భారతీయ భాషలేవీ లేవు. బ్రౌజరు చేసే తెలుగు అనువాదం మీద ఆధారపడొద్దు, మనుషుల పేర్లను కూడా మామూలు మాటలుగా అనువదించేస్తుంది. ఫోనులో ఒక్క వివరణ చదవడం వరకు పర్వాలేదు. ఫొటో, పాఠం పక్కపక్కన చూడాలంటే పెద్ద తెర తప్పదు.

మతగ్రంథాలూ బొమ్మలున్న ఆకులూ కావాలంటే కేంబ్రిడ్జి డిజిటల్ లైబ్రరీకి వెళ్లాలి, ఫొటోల నాణ్యత అక్కడ ఇంకా మేలు. పిల్లలకు హీబ్రూ అక్షరాలు నేర్పడానికి రాసి రంగులు వేసిన అక్షరమాల, టి-ఎస్ కె5.13, అక్కడ చూడదగ్గది. ఫ్రీడ్‌బర్గ్ గెనిజా ప్రాజెక్టులో అన్నిటికన్నా ఎక్కువ ముక్కల ఫొటోలున్నాయి, చెదిరిన ముక్కలను జతచేసే సదుపాయం ఉంది, కానీ ఖాతా తెరవాలి, వాడకం కష్టం. మొదటిమెట్టుగా దాన్ని సిఫారసు చేయలేం.

కైరో వెళ్లే ఉద్దేశం ఉన్నవాళ్లకు: మెట్రో మొదటి లైనులో మార్ గిర్గిస్ స్టేషన్‌లో దిగితే బెన్ ఎజ్రా నడక దూరం. చాలాకాలం బాగుచేశాక 2023 ఆగస్టు చివర మళ్లీ తెరిచారు. అయితే ఇప్పుడు కనిపించే కట్టడం 1890 ప్రాంతంలో కట్టింది, కాగితాలు అక్కడేమీ లేవు. సైటులో కొన్ని ఉత్తరాలు చదువుకుని వెళ్తే ఆ గదుల మధ్య ఎవరు తిరిగారో తెలుస్తుంది. చదవకుండా వెళ్తే అందమైన కట్టడం ఒకటి చూసి వస్తారు.

పరిశోధన చేసేవాళ్లకూ ప్రోగ్రామర్లకూ చివరిగా ఒక సదుపాయం గురించి. రికార్డుల వివరాల పట్టిక మొత్తాన్ని గిట్‌హబ్ నుంచి దింపుకోవచ్చు, షెల్ఫ్‌మార్కు, రకం, తేదీ, ట్యాగులతో సహా. సైటు సెర్చ్‌లో సాధ్యంకాని లెక్కలు దానితో వేసుకోవచ్చు. ఫొటోలకు మాత్రం ఇది వర్తించదు. వాటి హక్కులు ఆయా లైబ్రరీలవి, షరతులు ప్రతి రికార్డు కిందా రాసి ఉంటాయి. వ్యాసంలోనో పుస్తకంలోనో ఫొటో వేసుకోవాలంటే ఆ లైబ్రరీకి రాసి అనుమతి తీసుకోండి.